కోనసీమ మత్స్యకారులు

గోదావరీనది ధవళేశ్వరము దిగువన రెండు పెద్దపాయలుగా చీలును. తూర్పుగా పోవునది గౌతమి. పడమరగా పోవునది వసిష్ఠ. గన్నవరము ప్రాంతమున వసిష్ఠనుండి మరియొక పాయ విడివడి, వైనతేయమను పేర దక్షిణముగా సాగి సముద్రమున కలియును. ఈ పాయలకును సముద్రమునకును నడుమ ముక్కోణపు ఆకారమున నున్న సీమయే కోనసీమ. 2022వ సంవత్సరము ఏప్రిలు 4వ తేదీన ఇది అమలాపురము ముఖ్యపట్టణముగా ప్రత్యేక జిల్లా అయినది.

కోనసీమ యనగానే కొబ్బరితోటలు, వరిచేలు, నిండుగా పారు కాలువలు కన్నుల ముందు మెదలును. కాని తోటలను, చేలను దాటి దక్షిణమునకు పోయినచో నేల ఇసుకగా మారును. సరుగుడు తోపుల హోరు వినవచ్చును. ఆ తోపుల కావల సముద్రము. అచ్చటి పల్లెలలో నాగలి పట్టువారు అరుదు. అచ్చటివారికి పొలము సముద్రమే. విత్తనము వేయకయే పంట కోయవలసిన పొలమది. పండునో పండదో ముందుగా తెలియదు. కోతకు పోయినవారు తిరిగి వత్తురో రారో యను భయము కూడ ఆ పొలముతోనే పుట్టినది.

అంతర్వేది చెంత పల్లిపాలెము, వైనతేయపు ముఖద్వారమున ఓడలరేవు, కాట్రేనికోన మండలమున పల్లము, బలుసుతిప్ప మొదలగునవి ఇట్టి పల్లెలలో పేరెన్నిక గన్నవి. ఇచ్చటి మత్స్యకారులలో అగ్నికులక్షత్రియులు అధికసంఖ్యాకులు. సముద్రముతో వీరి సంబంధము చేపల వేటతోనే ముగియదు. పూర్వము ఈ తీరమునుండి సరకుల నావలు నడచెడివి. ఓడలరేవు అను పేరే అందులకు సాక్ష్యము. దాని చేరువనే యున్న బెండమూర్లంకలో 18వ శతాబ్దమున ఐరోపా వర్తకులు వస్త్రవ్యాపారము సాగించిరి. అంతర్వేదిలోని లక్ష్మీనరసింహస్వామి ఆలయమును కట్టించిన కొపనాతి కృష్ణమ్మయు అగ్నికులక్షత్రియుడే. మాఘమాసమున భీష్మైకాదశినాడు జరుగు రథోత్సవమునకు తీరగ్రామముల ప్రజలు వేలకొలది కూడుదురు.

మత్స్యకారుని దినము సూర్యునితో గాక గాలితోను, నీటితోను ఆరంభమగును. రాత్రి నేల త్వరగా చల్లబడును. సముద్రజలము అంత త్వరగా చల్లబడదు. అందుచేత తెల్లవారుజామున గాలి నేలమీదినుండి సముద్రముమీదికి వీచును. పగలు నేల త్వరగా వేడెక్కుటచే మధ్యాహ్నమునకు గాలి తిరిగి సముద్రమునుండి తీరమునకు వీచును. తెరచాపల కాలమున మత్స్యకారులకు ఇదియే పెద్ద ఆధారము. తెల్లవారుజామున నేలగాలితో చాప ఎత్తి లోనికి పోయెడివారు. మధ్యాహ్నపు సముద్రపుగాలితో ఇల్లు చేరెడివారు. రానుపోను ప్రయాణమునకు ప్రకృతియే కూలి లేని పడవవాడై తోడ్పడెడిది.

గాలివలెనే నీటికిని లెక్క కలదు. సముద్రము దినమునకు రెండుసార్లు పొంగును, రెండుసార్లు తగ్గును. పొంగుటను పోటనియు, తగ్గుటను పాటనియు అందురు. చంద్రుని గమనమును బట్టి ఈ పోటు ప్రతిదినమును ముందునాటికంటె రమారమి రెండు ఘడియలు ఆలస్యముగా వచ్చును. అమావాస్యకు, పున్నమికి పోటు హెచ్చుగా నుండును. అష్టమి నాళ్ళలో తగ్గును. కావున తిథి తెలిసిన మత్స్యకారునకు గడియారముతో పని లేదు. ఏ వేళకు నది ముఖద్వారమున నీరెంత యుండునో అతడు ఇంటిముంగిట నిలిచియే చెప్పగలడు.

ఈ లెక్క తప్పినచో ప్రాణమునకే ముప్పు. నది సముద్రమున కలియు చోటును వీరు మొగ యందురు. నది తెచ్చిన ఒండ్రుమట్టియు, సముద్రము తెచ్చిన ఇసుకయు మొగయందు మేటలు వేయును. ఆ మేటలు ఏటేట చోటు మారుచుండును. నిరుడు నావ నడచిన దారిలో నేడు మోకాలిలోతు నీరు మాత్రమే యుండవచ్చును. నీరు తగ్గినవేళ పెద్ద అలలు ఆ మేటలపై విరిగిపడును. అట్టి చోట అడ్డము తిరిగిన నావ బోల్తాపడక మానదు. నడిసముద్రమునకంటె మొగయే అపాయకరమని అనుభవజ్ఞులు చెప్పుదురు. అందుచేత సరంగు, అనగా నావ నడుపు పెద్ద, మొగ దాటువేళ మాటాడడు. అలలను లెక్కించుచు, రెండు పెద్ద అలల నడుమ తెరపి దొరకగానే నావను ముందుకు దూకించును. మిగిలిన కలాసీలు అతని చేతి సైగనే కనిపెట్టుకొని యుందురు.

ఈ విద్య బడిలో నేర్చునది కాదు. తాతలు తీరమున కూర్చుండి వలలు బాగుచేయుచుండగా మనుమలు ప్రక్కన చేరి ప్రశ్నలు వేయుదురు.

"తాతా, గాలి చక్కగా నున్నది గదా! నేడు నావ నేల దింపలేదు?" అని పిల్లవాడు అడుగును.

"గాలిని చూచితివి గాని నీటిని చూడలేదురా నాయనా! గాలి లేకయే అల యింత యెత్తు లేచుచున్నదనగా లోన నెక్కడనో పెద్దగాలి పుట్టియున్నదన్నమాట. అల ముందు వచ్చును, గాలి వెనుక వచ్చును" అని తాత బదులు చెప్పును.

దూరమున పుట్టిన తుపాను రేపిన అలలు తుపానుకంటె ముందుగా తీరమును చేరునని శాస్త్రజ్ఞులును చెప్పుదురు. తాత చెప్పినదియు అదియే.

ఇక వేటకు కావలసిన పనిముట్లు నావయు, వలయు. పూర్వము నావలను కలపతో కట్టెడివారు. నేడు వాని స్థానమును చాలవరకు ఫైబరు పడవలు ఆక్రమించినవి. తెరచాపకు బదులు డీజిలు యంత్రము వచ్చినది. వలలును అట్లే మారినవి. ఒకప్పుడు నూలుతోను, జనపనారతోను ఇంటిల్లిపాదియు వల అల్లెడివారు. ఉప్పునీటికి నూలు చీకిపోకుండుటకై చెట్ల బెరడు కాచిన కషాయమున వలను నానబెట్టి ఆరవేసెడివారు. నైలాను వచ్చిన పిమ్మట ఆ శ్రమ తప్పినది. కాని వల కట్టు విధానము మారలేదు. పైయంచున తేలుటకు బెండ్లును, క్రిందియంచున మునుగుటకు గుండ్లును కట్టుదురు. బెండ్లు పైకి లాగ, గుండ్లు క్రిందికి లాగ, వల నీటిలో గోడవలె నిలుచును.

చేపను బట్టి వల, చోటును బట్టి వల. కాలువలలోను, లోతు తక్కువగల పాయలలోను ఒక్కడు నిలిచి విసరునది విసురువల. వెదురుతో అల్లిన ఊతలు, మావులు మడుగులలోను, బోదెలలోను పనికివచ్చును. సముద్రతీరమున పలువురు కూడి లాగు పెద్దవలను అలివివల యందురు. దాని పని చూడదగినది. వల త్రాటికొన నొకదానిని కొందరు గట్టున పట్టుకొని నిలుతురు. తక్కినవారు నావనెక్కి వలను విడుచుచు సముద్రములో విల్లువలె చుట్టి వచ్చి రెండవకొనను కొంతదూరమున గట్టు చేర్చుదురు. అటుపిమ్మట రెండు జట్లును పదము పాడుచు లాగుదురు. గంటలకొలది లాగిన మీదట వలనడుమ నున్న సంచి గట్టునకు వచ్చును. నడుములు విరుగ లాగినను ఒక్కొక్కప్పుడు సంచిలో నాచును, నత్తగుల్లలును తప్ప మరేమియు నుండదు. అందుకు ఎవరును ఎవరిని నిందింపరు. వల విదిలించి, మడిచి, రేపటి పోటు వేళను గూర్చి మాటాడుకొందురు.

వేటలో లభించిన దానిని పంచుకొను పద్ధతియు గమనింపదగినది. ఇది కూలి కాదు; పాలు. చేపలను తీరముననే పాట పెట్టి అమ్మి, చమురునకు, మంచుగడ్డకు అయిన ఖర్చు తీసివేసి, మిగిలిన సొమ్మును పాళ్ళు వేయుదురు. నావకు, వలకు, సరంగునకు, కలాసీలకు పాళ్ళు వేరువేరుగా నుండును. ఈ లెక్క ఊరూర కొంత భేదించును. నష్టమును లాభమును అందరివి యగుటచే నావలోని వారందరు ఒక్క ప్రాణముగా మెలగుదురు. అయినను నావ కొనుటకు, వల కొనుటకు వర్తకునియొద్ద అప్పు చేసినవాడు తన చేపను ఆ వర్తకునికే, ఆతడు చెప్పిన ధరకే అమ్మవలసి యుండును. సముద్రపు పోటుకు వెరవనివాడు అప్పుల పోటుకు తల వంచుట ఈ జీవనమునందలి విషాదము.

నావ గట్టు చేరుటతో మగవారి పని తీరును. ఆడువారి పని ఆరంభమగును. చేపలను ఏరి, జాతులవారీగా విడదీసి, గంపలకెత్తుకొని అమ్మకమునకు పోవుదురు. వంజరము, చందువ, పండుగప్ప వంటి మేలిరకములు దూరపు పట్టణములకు పోవును. కవళ్ళు, కానాగంతలు వంటివి చుట్టుపట్ల ఊళ్ళలో చెల్లును. పూర్వము వీరు కొబ్బరితోటల నడుమ నున్న గ్రామములకు నడచిపోయి, చేపలిచ్చి ధాన్యము కొలిపించుకొని వచ్చెడివారు. రైతు ఇంట చేప, మత్స్యకారుని ఇంట బియ్యము, ఈ గంపల మూలముననే చేరినవి. నేడు నడకకు బదులు ఆటోలు వచ్చినవి. కాని ధర బేరమాడి, చీటి కట్టి, బియ్యము కొని, పిల్లలకు పుస్తకములు తెచ్చు భారము ఇప్పటికిని ఆమెదే.

అమ్ముడుపోక మిగిలిన చేపలను ఎండబెట్టుట మరియొక పెద్దపని. నెత్తళ్ళు, సావిడాయిలు వంటి వానిని కడిగి ఎండలో పరచుదురు. పెద్దచేపలను చీల్చి, గాట్లు పెట్టి, ఉప్పు దట్టించి ఆరవేయుదురు. కాకులనుండి, కుక్కలనుండి, అకాలపు వాననుండి వానిని కాపాడవలెను. ఎండినచేప నెలలకొలది చెడదు. వేట లేని దినములలో ఇంటికి అదియే నిలువధనము.

చేపను ఎండబెట్టి కడుపు నింపుకొనుట వేడిదేశముల వారికే పరిమితమని తలపరాదు. ఉత్తరధ్రువ వలయమునకును పైన, నార్వే దేశమునకు చెందిన లోఫోటెన్ దీవులు కలవు. అచ్చటి మత్స్యకారులును ఎండుచేపలతోనే వందల ఏండ్లనుండి జీవించుచున్నారు. ప్రతి శీతకాలమున కాడ్ అను చేపలు గ్రుడ్లు పెట్టుటకై ఉత్తరపు బేరెంట్స్ సముద్రమునుండి ఆ దీవుల చెంతకు గుంపులుగా వలస వచ్చును. మత్స్యకారులు వానిని పట్టి, తల తీసి, తోకలు జతగా కట్టి, కొయ్యపందిళ్ళపై వ్రేలాడదీయుదురు. ఉప్పు వేయరు. ఫిబ్రవరినుండి మే వరకు వీచు చలిగాలియే వానిని కొయ్యవలె ఎండించును. ఇచ్చట ఎండ, అచ్చట చలి. ఇచ్చట ఇసుక, అచ్చట మంచు. పని మాత్ర మొక్కటియే. వలస వచ్చు చేపకొరకు సంవత్సరమంతయు ఎదురుచూచుటయు ఒక్కటియే.

కోనసీమకును అట్టి వలసచేప యొకటి కలదు. అదియే పులస. ఇది సముద్రమున నుండు చేప. సముద్రములో నున్నప్పుడు దీనిని విలస యందురు. ఆషాఢమాసమున గోదావరికి ఎర్రనీరు రాగానే ఇది గ్రుడ్లు పెట్టుటకై ముఖద్వారములగుండ నదిలో ప్రవేశించి, ప్రవాహమునకు ఎదురీదుచు ధవళేశ్వరము వరకు పోవును. ఎదురీదిన కొలదియు దాని రుచి హెచ్చునని ప్రతీతి. పుస్తెలు అమ్మియైనను పులస తినవలెనను సామెత గోదావరితీరమున పుట్టినదే. నేడు ఒక్క మంచిచేప వేలరూపాయలు పలుకును.

అయితే పులస ఏటేట తగ్గిపోవుచున్నది. 1852లో సర్ ఆర్థర్ కాటన్ ధవళేశ్వరమున ఆనకట్టను పూర్తిచేసెను. దానివలన డెల్టా సస్యశ్యామలమైనది. కాని పులసకు పైదారి మూతపడినది. దీనికి తోడు, గ్రుడ్లతో నిండిన చేపనే మనము పట్టుచున్నాము. గ్రుడ్లు పెట్టకముందే పట్టిన ఒక్క తల్లిచేపతో లక్షలకొలది పిల్లలు పోవును. బంగాళీయులు ఇలిష్ అని ప్రాణప్రదముగా చూచుకొను చేప ఇదియే. బంగ్లాదేశములో గ్రుడ్లు పెట్టు కాలమున కొన్ని వారములపాటు దీని వేటను నిషేధించి, పిల్లచేపలను పట్టుటను శిక్షార్హము గావించిరి.

చీరమీను విషయమును ఇట్టిదే. దసరా వెళ్ళిన పిమ్మట తూర్పుగాలి తిరుగువేళ గోదావరి ముఖద్వారములలో సూదులవంటి చిన్నచేపలు మందలుగా వచ్చును. అవి వల కన్నులలోనుండి జారిపోవును గనుక చీరలతో వడగట్టి పట్టుదురు. అందుచేతనే వానికి చీరమీనను పేరు వచ్చినదందురు. తవ్వలతోను, కుంచములతోను కొలిచి అమ్ముదురు. దాని రుచికై జనులు ఎదురుచూతురు. కాని అవి ఒక్క జాతి చేపలు కావు, పలుజాతుల పసికూనలు. నేడు కుంచెడు పట్టినచో రేపటి గంపలెన్ని తగ్గునో ఆలోచింపవలసి యున్నది.

అందుచేత వేట విరామమను నియమ మేర్పడినది. తూర్పుతీరమున ఏటేట ఏప్రిలు 15వ తేదీనుండి జూను 14వ తేదీవరకు 61 దినములు మోటారు పడవలతో సముద్రమున వేటాడరాదు. పలుజాతుల చేపలు గ్రుడ్లు పెట్టు కాలమది. ఆ రెండు నెలలు మత్స్యకారుని ఇంట పొయ్యి వెలుగుట కష్టము. కావున ప్రభుత్వము భృతి నిచ్చుచున్నది. 2019లో ఇది కుటుంబమునకు 10,000 రూపాయలుగా నుండెను. 2025లో 20,000 రూపాయ లయినది. ఆ రోజులలో నావలు గట్టున బోర్లించి యుండును. చీలికలు పూడ్చుదురు, రంగులు వేయుదురు, వలలు బాగుచేయుదురు. విరామము ముగిసినంతనే గంగమ్మకు పూజచేసి నావలు దింపుదురు. ఈ నియమము సాధారణముగా కనబడును గాని, ఆకలితో నున్నవాడు ఎదుట నున్న చేపను రేపటికై విడిచిపెట్టుట చిన్న త్యాగము కాదు.

చేపను విడుచుట యొక త్యాగము. సముద్రమును విడిచి గట్టున నిలుచుట మరియొక వివేకము. కార్తికమాసము ఈ తీరమునకు గండము. 1996వ సంవత్సరము నవంబరు 6వ తేదీ రాత్రి కాకినాడకు దక్షిణమున కోనసీమ తీరమును పెనుతుపాను తాకెను. పరిమాణమున చిన్నదైనను, బలమున అది భయంకరమైనది. గంటకు 200 కిలోమీటర్లకు మించిన వేగముతో గాలి వీచెను. సముద్రము ఉప్పెనగా పొంగి పల్లెలపై పడెను. లక్షలకొలది కొబ్బరిచెట్లు నేలకూలెను. వేయిమందికి పైగా ప్రాణములు కోల్పోయిరి. వారిలో వేటకు పోయి తిరిగిరాని మత్స్యకారులు పెక్కురు. చచ్చినవారికి కర్మకాండ చేయుదురు, బ్రతికినవారికై ఎదురుచూతురు. శవమైనను దొరకని వారికై ఏమి చేయవలెనో తెలియక ఎన్నో కుటుంబములు చిరకాలము గట్టువంక చూచుచునే యుండెను.

ఆ రాత్రి నేర్పిన పాఠమును తీరము మరువలేదు. నేడు తుపానుల జాడ చాల ముందుగనే తెలియుచున్నది. కృత్రిమ ఉపగ్రహములు మేఘముల చిత్రములను పంపును. రేవులలో ప్రమాదసూచికలు ఎగురవేయుదురు. చేతి ఫోనులోనే హెచ్చరిక వచ్చును. తీరగ్రామములలో తుపాను రక్షణ భవనములు వెలసినవి. 1999లో హైదరాబాదున నెలకొన్న భారత జాతీయ సముద్ర సమాచార సేవాకేంద్రము, నీటి వేడిమిని, నీటిలోని సూక్ష్మమైన పచ్చదనమును ఉపగ్రహములద్వారా పరిశీలించి, చేపలు చేరుటకు అనువైన తావులను తెలుపుచున్నది. పూర్వము సరంగు త్రాటికి బరువు కట్టి నీటిలోతును బారలతో కొలిచెడివాడు. గట్టునగల తాడిచెట్ల వరుసనో, అంతర్వేది గోపురమునో, దీపస్తంభమునో గురుతుపెట్టుకొని దారి తెలిసికొనెడివాడు. నేడు చిన్న యంత్రము అతని దారి చూపును.

అయినను యంత్రము చెప్పునది యొకటి, అది విని నిలువవలసిన మనస్సు మరియొకటి. హెచ్చరిక విన్నను, అప్పుల భయముచే నావ దింపువాడు ప్రమాదము పాలగును. తాత మాట విని గట్టున నిలిచినవాడును, నేటి హెచ్చరిక విని గట్టున నిలిచినవాడును ఒక్క విద్యయే నేర్చినవారు. నదీముఖముల చెంతగల మడ అడవులను నరుకక కాపాడుటయు ఆ విద్యలోని భాగమే. ఆ చెట్ల వ్రేళ్ళ నడుమ రొయ్యపిల్లలు, పీతలు, చేపపిల్లలు పెరుగును. ఉప్పెన వచ్చినప్పుడు అలల తాకిడిని ఆ చెట్లే ముందుగా భరించును.

నేడు తీరగ్రామముల బాలబాలికలు పాఠశాలలకు పోవుచున్నారు. వారిలో కొందరు ఉద్యోగములకై పట్టణములు చేరుదురు. కొందరు తండ్రుల నావనే నడుపుదురు. ఏ దారి పట్టినను తాతలు కూడబెట్టిన జ్ఞానము వ్యర్థము కారాదు. ఎప్పుడు వల వేయవలెనో తెలియుట నేర్పు. ఎప్పుడు వల వేయరాదో తెలియుట అంతకంటె పెద్దనేర్పు. సముద్రము రేపును పండవలెనన్నచో, నావ రేపును గట్టు చేరవలెనన్నచో, ఈ రెండవ నేర్పును తీరమువారే గాక, చేపను కొని తినువారందరును నేర్వవలసి యున్నది.